రంగు వెయ్యని చోటు

ఒరూరో బస్సు దిగి నేను బడి తలుపు తీసేసరికి
దుమ్ము ముందే వచ్చి బెంచీల మీద కూర్చుంది.
గోడకి పటం. బొలీవియా.
దాని పొట్టమీద పోపో సరస్సు,
తమలపాకంత నీలం.
కిటికీ తెరిస్తే అదే చోట
కళ్ళు చికిలించుకునేంత తెలుపు.

పదకొండేళ్ళుగా ఇక్కడ భూగోళం చెబుతున్నాను.
చెప్పేది ఎక్కువగా లేనివాటి గురించే.

మార్చి ఇరవై మూడున సముద్ర దినం.
సముద్రాన్ని ఎన్నడూ చూడని పిల్లలు
కాగితం టోపీలు పెట్టుకుని నావికుల్లా కవాతు చేస్తారు.
పోయిన రేవుల పేర్లు ఎక్కం అప్పజెప్పినట్టు చెబుతారు:
ఆంతోఫగాస్తా, మెహియోనెస్, కోబీహా, తొకోపియా.
పక్షుల రెట్ట కోసం, సురేకారం కోసం
వాళ్ళ ముత్తాతల తాతలు ఓడిన యుద్ధం
నిన్న సాయంత్రం తప్పిపోయిన లామాపిల్ల అయిపోతుంది.
సముద్రం పోయిన తేదీ ఉంది. సంతకాలున్నాయి.
కోపం తెచ్చుకోవడానికి ఒక పొరుగుదేశం ఉంది.

సరస్సుకి కవాతు లేదు.
ఎవరి వైపు తిరిగి నడవాలి?
పైన గనుల వైపా, నదిని తాగేసిన కాలవల వైపా,
రాని వాన వైపా?

రుఫీనో తాత ఉరు జాతివాడు.
తమని తాము నీటిమనుషులంటారు వాళ్ళు.
ఉప్పు మీద బోర్లించిన పడవకి ఏటా తారు పూస్తాడు.
ఎందుకు తాతా అంటే
"పగుళ్ళిస్తుంది" అంటాడు, అంతే.
కొడుకు ఒకడు వానూనీ గనిలో తగరం తవ్వుతాడు,
ఇంకొకడు కొల్చానీలో ఉప్పు బస్తాలు కుడతాడు.
కోడళ్ళు గడ్డితో టోపీలల్లి సంతకి మోసుకుపోతారు.
వల మాత్రం దూలానికి వేలాడుతోంది,
దానిలో కోడి గుడ్లు పెడుతోంది.

ఇక్కడి అయ్మరా మాటలో
గడిచిన కాలం కళ్ళెదుట ఉంటుంది,
రానున్నది వీపు వెనక.
ముందుముందు ఏమవుతుంది తాతా అని అడిగాను ఒకసారి.
తల తిప్పకుండా
భుజం మీదుగా బొటనవేలు చూపించాడు.

ఇన్‌స్పెక్టరు వచ్చిన రోజున
దేశపటం గీసి రంగులు వెయ్యమన్నాను.
నాయ్‌రా కొండలకి గోధుమరంగు వేసింది, అడవికి ఆకుపచ్చ.
తితికాకాకి నీలం, ఒత్తి ఒత్తి, కాగితం చిరిగేలా.
పోపో దగ్గర గీత గీసి లోపల వదిలేసింది.
"అసంపూర్ణం" అన్నాడాయన, ఎర్ర సిరాతో.
"వేశాను సార్," అంది,
"అది తెలుపే."
ఆయన కిటికీ వైపు చూశాడు.
మార్కులు మార్చలేదు.

ఆ ఏడు ఫిబ్రవరిలో నాలుగు రోజులు కుండపోత.
పొద్దున్నే ఉప్పు మీద ఆకాశం పరుచుకుని ఉంది.
ఎక్కణ్ణుంచి వచ్చాయో, ఏడు రాజహంసలు
ఒంటికాలి మీద, అద్దె కట్టినవాళ్ళంత ధీమాగా.
బడి గంట కొట్టడం మర్చిపోయాను.
తాత గెడ దించి చూశాడు: మూడు వేళ్ళు.
కోడళ్ళిద్దరూ, నేనూ, పిల్లలందరూ కలిసి
పడవని తిరగేసి తోశాం. తేలలేదు.
కడుపు బురదకి ఆనించి అలాగే కూర్చుంది.
తాత ఎక్కాడు. నాయ్‌రా ఎక్కింది.
ఇంక చోటు లేదంటున్నా అందరూ ఎక్కారు.
ఎటు వెళ్ళాలి అని ఎవడో అరిచాడు.

మే నెలకి మళ్ళీ తెలుపు.
పడవ అక్కడే ఉంది, ఒడ్డుకి ముప్ఫై అడుగుల దూరంలో,
ఈసారి బోర్లించలేదు.
పటం ఇంకా గోడకే ఉంది.
దాన్ని తియ్యమని రెండు ఉత్తరాలొచ్చాయి.
నాకు స్టూలు ఎక్కడం చేతకాదని రాశాను.